డాక్యుమెంటరీ మొదట్లో ఎడిసన్ గొంతు పెట్టాలంటున్నారు. పాత రికార్డింగుల సంగతి తెలిసినవాళ్ళు కాస్త చెప్పండి

స్క్రిప్టుపిచ్చి:

నమస్తే అండీ. డాక్యుమెంటరీలకు స్క్రిప్టు, నరేషన్ రాయడం నా పని. ఇన్నాళ్ళూ చెరువులు, చేనేత, కొండపల్లి బొమ్మలు, ఇలాంటివే రాశాను. అవన్నీ కంటికి కనిపించేవి, కెమెరా ఎటు తిప్పినా ఏదో ఒక షాట్ దొరికేది. ఇప్పుడు శబ్దాన్ని రికార్డు చేయడం ఎలా మొదలై ఎలా మారిందో చెప్పే 50 నిమిషాల సినిమా చేతికొచ్చింది. తెలుగులోనే. ఒప్పుకున్నాక తెలిసింది, ఇందులో చూపించడానికి ఏమీ లేదని!

మా డైరెక్టర్‌ది ఒకటే పట్టు. తెర నల్లగా ఉండాలి, వెనక ఎడిసన్ గొంతులో "మేరీ హ్యాడ్ ఎ లిటిల్ లాంబ్" వినిపించాలి, కింద 1877 అని పడాలి. క్లిప్పు కూడా నెట్‌లోంచి తీసి పంపించారు. విన్నాను. మాట మరీ స్పష్టంగా ఉంది. తగరపు రేకు మీద గీసిన గీతలోంచి అంత శుభ్రంగా వస్తుందా అని నాకు అనుమానం. గొంతు కూడా ముసలాయనదిలా ఉంది. 1877లో ఎడిసన్‌కి ముప్ఫై ఏళ్ళే కదా?

రెండోది, నా డ్రాఫ్టు సంగతి. ఎడిసన్, బెల్, బెర్లినర్, పౌల్సన్ అంటూ పెద్దమనుషులు వరసగా వచ్చి, తలా ఒక యంత్రం చూపించి వెళ్ళిపోతున్నారు. రాసిన నాకే నిద్రొస్తోంది. వీటన్నిటినీ కలిపి పట్టుకోవడానికి ఒక దారం కావాలి. మన దేశం భాగంలో కలకత్తా గాయని గౌహర్ జాన్ కథ ఎలాగూ ఉంటుంది, కానీ అది అందరూ చెప్పేశారు. ఇంకేం చెప్పొచ్చు?

పుస్తకాలు చదువుతూనే ఉన్నాను. గ్రామఫోను ప్లేట్లు, టేపులు చేత్తో పట్టుకున్నవాళ్ళు చెబితే వినాలని ఇక్కడ అడుగుతున్నాను.

తెనాలిప్లేట్లు:

మీ అనుమానం నిజమేనండీ. ఆ క్లిప్పు 1877ది కాదు. ఎడిసన్ రికార్డింగు యంత్రం ఫోనోగ్రాఫ్ పుట్టి యాభై ఏళ్ళయిందని 1927లో వేడుక చేశారు. అప్పుడు ఎనభై ఏళ్ళ ఎడిసన్ చేత అదే పద్యం మళ్ళీ చెప్పించారు. నెట్‌లో తిరుగుతున్నది అదే. పెద్ద పెద్ద ఛానళ్ళ వాళ్ళు కూడా దానికింద 1877 అని వేసేశారు, మీరు వేయకండి.

అసలు 1877 నాటి రేకు మిగల్లేదు. ఎడిసన్ గీసిన బొమ్మ చూసి జాన్ క్రూసీ అనే పనివాడు ఆ యంత్రం తయారుచేశాడు. ఇత్తడి సిలిండరుకు తగరపు రేకు చుట్టి, పిడి తిప్పుతూ మాట్లాడితే ముల్లు రేకును నొక్కుకుంటూ పోతుంది. మళ్ళీ అదే దారిలో ముల్లు నడిపిస్తే మాట వినిపిస్తుంది. నాలుగైదుసార్లు నడిపేసరికి రేకు అరిగిపోతుంది, తీసి చుట్టేస్తే చిరిగిపోతుంది. దాచుకునే వస్తువు కాదది.

కానీ మీ డైరెక్టర్‌కి నల్ల తెర మీద గొంతే కావాలంటే ఇంకోటి ఉంది. 1878 జూన్ 22న అమెరికాలో సెయింట్ లూయిస్ ఊళ్ళో రికార్డు చేసిన రేకు ఒకటి మిగిలింది. స్కెనెక్టడీ మ్యూజియంలో ఉంది. ముల్లు పెడితే చిరిగిపోతుంది కాబట్టి రేకును తాకకుండా దాని ఉపరితలాన్ని కొలిచి, కంప్యూటర్‌తో శబ్దం రాబట్టారు. 2012లో జనానికి వినిపించారు. మొత్తం 78 సెకన్లు. ముందు కార్నెట్ అనే బూర వాయిస్తారు, తర్వాత ఒకాయన ఇదే మేరీ పద్యం చెబుతాడు, ఇంకో పిల్లల పద్యం అందుకుని మధ్యలో తడబడి, నాకు పాట రాదు చూడండి అని నవ్వేస్తాడు. కరకర మోత బాగా ఉంటుంది, హెడ్‌ఫోన్స్ పెట్టుకుని రెండు మూడుసార్లు వినండి.

గౌహర్ జాన్ గురించి ఇంకో పోస్టు పెడతాను. ప్లేట్ల సంగతి మొదలుపెడితే నాకు ఆపడం రాదు.

బర్కిలీబాబాయి:

మా బర్కిలీ వాళ్ళు చేసిన పని ప్రస్తావనకు వచ్చింది కాబట్టి నేనూ ఒక మాట. ఆ రేకులోంచి శబ్దం తీసింది ఇక్కడి లారెన్స్ బర్కిలీ ల్యాబ్ వాళ్ళే. అంతకుముందు 2008లో వాళ్ళు ఇంకా పాతది వినిపించారు. 1860 ఏప్రిల్ 9 నాటిది, పారిస్‌లో రికార్డు చేసింది. ఎడిసన్ కన్నా పదిహేడేళ్ళు ముందు.

ఎడ్వార్డ్ లియోన్ స్కాట్ డి మార్టిన్‌విల్ అని పేరు. అచ్చుపనివాడు. చెవి ఎలా పనిచేస్తుందో పుస్తకంలో చూసి, అలాంటిదే యంత్రంతో చేద్దామనుకున్నాడు. గొట్టం చివర ఒక పొర, దానికి పంది వెంట్రుక, ఎదురుగా మసి పట్టించిన కాగితం. పాడితే వెంట్రుక వణికి మసిలో గీత గీస్తుంది. అంతే! తిరిగి వినాలన్న ఆలోచన ఆయనకు లేదు. శబ్దం తన చేతిరాత తానే రాసుకుంటుంది, దాన్ని మనుషులు కళ్ళతో చదువుతారు అని ఆయన ఆశ. 1857లో పేటెంటు తీసుకున్నాడు. ఎడిసన్‌కి పేరొచ్చాక చాలా బాధపడ్డాడు, 1878లో పుస్తకం వేసి మొరపెట్టుకున్నాడు, మరుసటి ఏడే పోయాడు.

ఇందులో మీ సినిమాకు పనికొచ్చే ముక్క ఒకటుంది. 2008లో మొదట వినిపించినప్పుడు అది ఆడపిల్ల గొంతులా ఉంది. పత్రికలన్నీ అలాగే రాశాయి. స్కాట్ పాటతోపాటు ఆ కాగితం మీదే ట్యూనింగ్ ఫోర్క్ కంపనాలు కూడా గీయించాడు, కాలం కొలుచుకోవడానికి. ఆ ఫోర్క్ సెకనుకు 500 కంపనాలు అని లెక్కేశారు. ఆ రోజుల్లో ఫ్రెంచివాళ్ళు పోయేదాన్ని ఒకటి, వచ్చేదాన్ని ఒకటి లెక్కపెట్టేవాళ్ళు. అంటే మన లెక్కలో 250. వేగం సగానికి తగ్గించేసరికి ఆడపిల్ల కాస్తా మగవాడైపోయింది. బహుశా స్కాట్ గొంతే.

తెనాలిప్లేట్లు:

బాబాయి గారు వేగం మాట ఎత్తారు కాబట్టి ముందు అది చెబుతాను. 78 ప్లేటు అంటాం కానీ తొలిరోజుల ప్లేట్లన్నీ నిమిషానికి 78 చుట్లు తిరిగేవి కావు. కంపెనీని బట్టి, ఒక్కోసారి ఆ రోజు మోటారును బట్టి డెబ్బై నుంచి ఎనభై దాటే వరకూ ఉండేవి. కరెంటు మోటార్లు వచ్చాకే 78 ఖాయమైంది. నాలుగు చుట్లు తేడా వస్తే చాలు, రెండు శ్రుతిలో పాడినాయన ఒకటిన్నరలో వినిపిస్తాడు. నెట్‌లో పెట్టేవాళ్ళలో చాలామంది 78 మీద పెట్టి రికార్డు చేసేస్తారు. అందుకని మీరు వాడే ప్రతి పాత పాటనూ సంగీతం తెలిసినవాళ్ళ చేత ఒకసారి సరిచూపించండి. "ఆ రోజుల్లో అంత కీచుగా పాడేవాళ్ళు" అని నరేషన్‌లో రాయాలనిపిస్తుంది, జాగ్రత్త. సగంసార్లు ఆ కీచు పాడినవాళ్ళది కాదు, మోటారుది.

ఇక గౌహర్ జాన్. 1902 నవంబరులో గ్రామఫోన్ కంపెనీ తరఫున ఫ్రెడ్ గైస్‌బర్గ్ కలకత్తా వచ్చాడు. హోటల్ గదులే స్టూడియో. పాట చివర ఆవిడ ఇంగ్లీషులో "మై నేమ్ ఈజ్ గౌహర్ జాన్" అంటుంది. దాన్ని చాలామంది గర్వం అంటారు, టీవీలో ఒకాయన సంతకం అన్నాడు. అసలు కారణం వేరు. ఇక్కడ చెక్కింది మైనం పలక. దాన్ని ఓడలో జర్మనీలోని హానోవర్ ఫ్యాక్టరీకి పంపితే అక్కడ అచ్చు తీసి ప్లేట్లు నొక్కేవాళ్ళు. ఏ పలకలో ఎవరు పాడారో అక్కడివాళ్ళకు తెలియాలంటే గొంతే చెప్పాలి. అందుకని చెప్పించారు. 1908లో కలకత్తా సియాల్దాలో ఫ్యాక్టరీ పెట్టాక ఆ ఓడ ప్రయాణాల అవసరం తగ్గింది.

చూపించడానికి ఏమీ లేదన్నారు కదా, లక్క ఉంది! ఆ ప్లేట్లు లక్కతో చేసేవాళ్ళు. లక్క పురుగు చెట్టుకొమ్మల మీద కట్టే గూడు. అది ప్రపంచానికంతా ముఖ్యంగా మన దేశం అడవుల నుంచే వెళ్ళేది. లక్క అంటుకునేందుకే, ప్లేటులో ఎక్కువ భాగం రాతిపొడి. ఆ పొడి స్టీలు ముల్లును అరగదీసి గాడికి సరిపోయే ఆకారానికి తెస్తుంది. అందుకే ఒక వైపు అయిపోగానే ముల్లు మార్చాలి. మార్చకపోతే అరిగిన ముల్లు తిరిగి గాడిని గీకేస్తుంది. యుద్ధంలో లక్క దొరక్క అమెరికాలో 1942లో ప్లేట్లకు కోటా పెట్టారు, పాతవి తెచ్చిస్తే కరిగించి కొత్తవి చేసేవాళ్ళు. ఎన్ని గొంతులు అలా కరిగిపోయాయో. చార్మినార్ పక్కన లాడ్ బజార్‌కి వెళ్ళి గాజులకు లక్క కరిగించడం షూట్ చేయండి, అదే సరుకు.

స్పూలుమాస్టారు:

అమ్మా, పైన ఇద్దరూ బాగా చెప్పారు. నేను రేడియోలో రికార్డింగ్ వైపు పనిచేసి రిటైరైనవాణ్ణి. ఏ స్టేషనో చెప్పను, చివర్లో ఎందుకో మీకే తెలుస్తుంది.

మీరు దారం అడిగారు. నాకు తోచింది చెబుతాను. ప్రతి యంత్రం దగ్గరా ఒకే ప్రశ్న వేయండి: పాడేవాడు తప్పు పాడితే ఏమయ్యేది? మీ పెద్దమనుషుల వరసంతా దానంతటదే కదులుతుంది.

సెయింట్ లూయిస్ ఆయన తడబడ్డాడు, నవ్వాడు, ఆ నవ్వు కూడా రేకెక్కింది. అతనికి అదొక వింత బొమ్మ, పోయేదేం లేదు. తర్వాత ఇంట్లో వాడుకునే మైనం సిలిండర్లు వచ్చాయి. తప్పు వస్తే పైపొర చెక్కేసి మళ్ళీ మొదలుపెట్టవచ్చు.

ప్లేట్ల కాలం వచ్చేసరికి ఆ వెసులుబాటు పోయింది. పది అంగుళాల ప్లేటు ఒక వైపు మూడు నిమిషాలు, కాస్త అటూఇటూ. మొదటి నిమిషంలో తప్పు పోయినా చివరి అయిదు సెకన్లలో పోయినా పలక మొత్తం పారేయాల్సిందే. మళ్ళీ పల్లవి నుంచి. ఎలా వచ్చిందో విందామంటే కుదరదు, మైనం మీద ముల్లు నడిపితే ఆ పలక అచ్చుకు పనికిరాదు. బాగా వచ్చిందని నమ్ముకుని ఇంటికి పోవడమే. తన గొంతు ఎలా ఉందో తనకు నెలల తర్వాత ప్లేటు చేతికొచ్చాకే తెలిసేది.

ఇప్పుడు మన పద్యనాటకం నటుణ్ణి అక్కడ నిలబెట్టి ఊహించుకోండి. స్టేజీ మీద ఆయన ఒక్క పద్యానికి రాగం తీశాడంటే హార్మోనియం ఆయన చెమట తుడుచుకోవాలి. జనం వన్స్ మోర్ అంటే మళ్ళీ తీస్తాడు. ఆ మనిషిని ఒక గదిలో గోడలోంచి వచ్చిన బూరా ముందు నిలబెట్టి, మూడు నిమిషాల్లో పద్యం ముగించాలి, కదలకూడదు, దగ్గకూడదు అన్నారు. 1925కి ముందు మైకు లేదు, బూరాయే. గొంతులో బలంతోనే ముల్లు కదలాలి. పై స్థాయికి వెళ్ళేటప్పుడు పాడేవాణ్ణి వెనక్కి లాగడానికి, మెల్లగా పాడేటప్పుడు ముందుకు నెట్టడానికి పక్కన మనిషి ఉండేవాడు. ఇది చమత్కారానికి చెప్పడం లేదు, గైస్‌బర్గ్ లాంటి వాళ్ళు నిజంగా చేసిన పనే. ఆ బూరా సుమారు 250 నుంచి 2,500 హెర్ట్జ్ వరకే పట్టేది. తంబూరా నాదం, మృదంగం ఎడమ వైపు గుంకారం దాదాపు గల్లంతు. ఫిడేలు చాలదని, చెక్క పెట్టె తీసేసి బూరా బిగించిన స్ట్రో ఫిడేలు వాడేవాళ్ళు. హార్మోనియం మాత్రం దర్జాగా వినిపించేది. ఆ కాలం ప్లేట్లు విని, అప్పటి కచేరీల్లో హార్మోనియం మోతే ఎక్కువ అని తీర్పు చెప్పకండి. అది బూరా ఇచ్చిన తీర్పు.

మద్రాసులో చేసిన కర్ణాటక సంగీతం ప్లేట్లలో సాహిత్యం ఎక్కువగా తెలుగే కదా, త్యాగయ్య కీర్తనలు. కచేరీలో అరగంట పాడే కీర్తన ప్లేటు మీద మూడు నిమిషాలకు కుదించారు. ఏ సంగతులు (ఒకే పాదాన్ని మార్చి మార్చి పాడే తీరులు) ఉంచారు, ఏవి వదిలేశారు అన్నది పాడినవాళ్ళ నిర్ణయం. ఒకే కీర్తన పాత ప్లేటు మీదది, తర్వాత కాలం కచేరీలోది పక్కపక్కన వినిపించండి. మీరు నరేషన్ ఒక్క వాక్యం కూడా రాయక్కర్లేదు.

ఇక టేపు. మా కులదైవం. డ్రెస్డెన్‌లో ఫ్రిట్జ్ ఫ్లాయ్‌మర్ అనే ఆయన సిగరెట్టు చివర బంగారు రంగు పట్టీ అతికించే పద్ధతి కనిపెట్టాడు. అదే పద్ధతిలో కాగితానికి ఇనుప పొడి అంటిస్తే శబ్దం దాచుకోవచ్చని తోచి 1928లో పేటెంటు తీసుకున్నాడు. ఏఈజీ కంపెనీ 1935లో బెర్లిన్ రేడియో ప్రదర్శనలో మాగ్నెటోఫోన్ పెట్టింది. యుద్ధం అయ్యాక జాక్ ముల్లిన్ అనే అమెరికా సైన్యం ఇంజినీరు రెండు యంత్రాలు విప్పి ముక్కలుగా ఇంటికి పంపుకున్నాడు. బింగ్ క్రాస్బీ అని అక్కడ పెద్ద గాయకుడు, రేడియోలో ప్రతివారం లైవ్ పాడలేక విసిగిపోయి ఉన్నాడు. 1947లో ముల్లిన్‌ని పెట్టుకున్నాడు. అక్కడి నుంచి తప్పుకు అర్థం మారిపోయింది. తప్పు వచ్చిన చోట బ్లేడుతో కోసి పారేయవచ్చు. ఒక వారం ప్రోగ్రాంలో వచ్చిన నవ్వులు కోసి దాచి, ఇంకో వారం చప్పటి జోకు కింద అతికించారని ముల్లిన్ స్వయంగా చెప్పాడు. ఈ రోజు టీవీలో వినే దొంగ నవ్వులకు మూలం అదే.

మేము చేసిందీ అదే పని. టేపు చేత్తో అటూఇటూ మెల్లగా లాగుతుంటే మాట ఆవులింతలా సాగుతుంది. తప్పు మాట ఎక్కడ మొదలవుతుందో అక్కడ పసుపు పెన్సిల్‌తో గీత, ఎక్కడ అయిపోతుందో అక్కడ ఇంకో గీత. స్ప్లైసింగ్ బ్లాకు గాడిలో టేపు పెట్టి ఏటవాలుగా కోయాలి, నిలువుగా కోస్తే అతుకు దగ్గర టిక్ మంటుంది. ఊపిరి శబ్దం మాత్రం వదిలేయాలి. కొత్త కుర్రాళ్ళు ఊపిరి కూడా కోసేసేవాళ్ళు, అప్పుడు మనిషి మునిగి తేలుతూ మాట్లాడుతున్నట్టు ఉండేది. ఏడంగుళాల స్పూలు, 1,200 అడుగులు, సెకనుకు ఏడున్నర అంగుళాల వేగం. 32 నిమిషాలు వచ్చేది.

టేపుతో ఒక చేటు ఉంది. చెరిపి మళ్ళీ వాడుకోవచ్చు. స్పూళ్ళ కొరత అంటే ప్రతి స్టేషనుకూ తెలిసిన బాధే. మా స్టేషనులో ఒక పేరున్న హరికథకుడి స్పూళ్ళు ఉండేవి. ఉద్యోగంలో చేరిన కొత్తలో నేనే విన్నాను. కొన్నేళ్ళ తర్వాత వాటి కోసం వెళ్తే, అదే డబ్బాలో, అదే నంబరు మీద ఎరువుల గురించి ఇంటర్వ్యూ ఉంది. ఎవరు చెరిపారో రిజిస్టరులో రాసి ఉంది, పై అధికారి సంతకం కూడా ఉంది. అంతా పద్ధతి ప్రకారమే జరిగింది. లక్క ప్లేటు పగిలితే ముక్కలన్నా మిగులుతాయి. ఇప్పటికీ నాకు కోపమే.

స్క్రిప్టుపిచ్చి:

సార్, మీ ప్రశ్న డైరెక్టర్‌కి ఫోన్లో చదివి వినిపించాను. కాసేపు మాట్లాడలేదు, తర్వాత "అయితే ఎడిసన్ ఎక్కడికి పోతాడు?" అన్నారు. 1927లో పెడదామన్నాను, ఎనభై ఏళ్ళ మనిషి తన పాత పద్యాన్ని తప్పు లేకుండా మళ్ళీ చెప్పడంగా. దానికి ఒప్పుకున్నారు. నల్ల తెర మీద సెయింట్ లూయిస్ నవ్వు వస్తుంది. స్కాట్ గారిని రెండు వేగాల్లోనూ వినిపిస్తాం, బర్కిలీ బాబాయి గారికి థాంక్స్.

ఇంకో రెండు అనుమానాలు. హక్కుల గొడవ ఏమైనా ఉంటుందా? టేపు కోయడం షూట్ చేయాలంటే పాత స్పూలు ఏది పడితే అది వాడొచ్చా?

బర్కిలీబాబాయి:

హక్కులు: అమెరికాలో 1923కి ముందు విడుదలైన రికార్డింగులు 2022 జనవరి 1 నుంచి అందరివీ అయ్యాయి. ఇండియాలో రికార్డింగు మీద హక్కు విడుదలైన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్ళు. కానీ పాట రాసినవాళ్ళ, వరస కట్టినవాళ్ళ హక్కు వేరుగా నడుస్తుంది, అది చూసుకోండి. పాతదాన్ని శుభ్రం చేసి పెట్టిన ఆర్కైవు వాళ్ళకు కూడా ఒక మెయిల్ పెట్టండి. వాళ్ళ దగ్గర మీకు మెరుగైన కాపీ దొరుకుతుంది.

స్పూలుమాస్టారు:

ఏది పడితే అది కోయకండమ్మా! మీరు కోసింది ఎవరిదో ఏకైక కాపీ అయి ఉండొచ్చు. ఖాళీ టేపో, లీడర్ టేపో (స్పూలు మొదట్లో అతికించే, శబ్దం పట్టని టేపు) కోయండి, కెమెరాకు తేడా తెలియదు. పాత స్పూళ్ళు దొరికితే వెంటనే మెషీను మీద ఎక్కించొద్దు. కొన్ని బ్రాండ్ల టేపుల్లో జిగురు తేమ పీల్చి మెత్తబడుతుంది, హెడ్డుకు అంటుకుని కీచుమంటుంది, ఇనుప పొడి ఊడి వచ్చేస్తుంది. వాటిని సుమారు 54 డిగ్రీల దగ్గర గంటల తరబడి వెచ్చబెట్టి, చల్లారాక వెంటనే కాపీ తీసుకోవాలి. అది తెలిసినవాళ్ళు చేయాల్సిన పని, వంటింటి ఓవెన్లో పెట్టకండి. వెనిగర్ వాసన వస్తే ఆ టేపు రకం వేరు, దాన్ని అసలు వేడి చేయకూడదు. నా దగ్గర స్ప్లైసింగ్ బ్లాకు, పసుపు పెన్సిళ్ళు ఉన్నాయి. మెషీను కూడా తిరుగుతుంది, కాకపోతే బెల్టు మార్చాలి.

తెనాలిప్లేట్లు:

ప్లేట్లు నేను ఇస్తాను, నాటకాల ప్లేట్ల సెట్లు కూడా ఉన్నాయి. రెండే షరతులు. మీ కెమెరామెన్‌ని ప్లేటు అంచులు పట్టుకోమనండి, గాడి మీద వేలు పెడితే నేను అక్కడే అరుస్తాను, అదీ మీ సినిమాలో రికార్డయిపోతుంది. రెండోది, ఫ్యాన్ వేయమని అడగొద్దు. సోమవారం తప్ప ఎప్పుడైనా రండి, సోమవారం హైదరాబాదులో ఉంటాను.